మేయరు మెచ్చిన ప్రతిపక్షం

మొన్న ఇక్కడ ఫిజీలో, నమాకా బజార్లో రొట్టె కొందామని బేకరీ ముందు క్యూలో నిలబడ్డాను. నా వెనకాల ఇద్దరు మనుషులు టౌన్ కౌన్సిళ్ళకి మళ్ళీ ఎన్నికలు పెడతారట అని మాట్లాడుకుంటున్నారు. చాలా ఏళ్ళుగా మా కౌన్సిళ్ళని ప్రభుత్వం వేసిన ఆఫీసర్లే నడుపుతున్నారు. ఓట్లు లేవు, మేయర్లు లేరు, కేకలూ లేవు. "మేయరు కుర్చీకి బోలెడంతమంది దొరుకుతారు గానీ, ప్రతిపక్షంలో కూర్చోడానికి ఇప్పుడు మనుషులేరీ?" అన్నాడు వాళ్ళలో ఒకాయన. నాకు నవ్వాగలేదు. ముందున్నావిడ వెనక్కి తిరిగి చూసింది. ఏం చెప్తాను? ఆ ప్రశ్న నాకు తెలిసిన ఇంకొకాయన వింటే, ఇంకా ఎన్నికలు రాకముందే చెయ్యి లేపేవాడు.

ఆయన పేరు చెప్పను. చెప్పినా మా టౌనులో సగంమందికి తెలియదు. అందరూ ఆయన్ని "అపోజిషన్" అనే పిలిచేవారు. "అపోజిషన్ దుకాణం పక్కనే" అంటే టాక్సీవాళ్ళు ఇంకో మాట అడక్కుండా తీసుకెళ్ళి దింపేవారు. దుకాణమంటే రేడియేటర్లు బాగుచేసే చిన్న రేకుల షెడ్డు, మార్కెట్‌కి ఎదురుగా. నాకు మాత్రం మామ. మా నాన్నకి స్నేహితుడు. చుట్టరికం ఏమీ లేదు, కానీ మా ఫిజీలో తెలుగు మాట్లాడే ఇళ్ళు తక్కువ కాబట్టి మాట్లాడేవాళ్ళందరూ చుట్టాలే.

ఆయన్ని తలుచుకుంటే ముందు నాకు కనిపించేది మొహం కాదు, కుడిచెయ్యి. బొటనవేలు మీద ఎప్పుడూ ఏదో ఒక కాలిన మచ్చ. అవతలివాడు మాట పూర్తిచెయ్యకముందే ఆ చెయ్యి పైకి లేచేది. వెంటనే "హమ్ నై మానేగా" అనేవాడు. నేను ఒప్పుకోను అని. ఫిజీ హిందీలో ఆయనకి అన్నిటికన్నా ఇష్టమైన మాట అదే. దేనికి ఒప్పుకోనన్నాడో తర్వాత కనుక్కునేవాడు. "కోన్చీ? ఏంటిది?" అని పక్కవాణ్ణి అడిగి, సంగతి తెలుసుకుని, అప్పుడు కారణాలు వెతుక్కునేవాడు. కారణాలు మాత్రం మంచివే దొరికేవి. అదే విచిత్రం.

మా అక్క పెళ్ళిలో పురోహితుడు ముహూర్తం చదివితే చెయ్యి లేపాడు. ఆ వేళకి చక్కెర మిల్లు షిఫ్టు మారుతుంది, రోడ్డంతా చెరకు లారీలే, పెళ్ళికొడుకు రాలేడు అన్నాడు. ఎవరూ వినలేదు. పెళ్ళికొడుకు నిజంగానే రాలేదు. ముహూర్తం దాటాక చెమటలు కక్కుకుంటూ వచ్చాడు. ఆ పెళ్ళికొడుకుని చెరకు లారీ డ్రైవర్‌ని బతిమాలి, పక్కన కూర్చోబెట్టి పట్టుకొచ్చింది కూడా మామే.

ఇది ఆయన రెండో గుణం. ఓడిపోయిన వాదన మీద ఆయనకి అలక ఉండేది కాదు. గుడికి కొత్త గేటు వద్దని కమిటీలో గొంతు పోయేలా అరిచాడు. కావాలని అందరూ ఓటేశారు. మర్నాడు పొద్దున్నే వెల్డింగు మిషను మోసుకొచ్చి ఆ గేటు తనే బిగించాడు. ఓటేసినవాళ్ళు ఒక్కరూ రాలేదు. "వద్దన్నవాడివి, నువ్వెందుకు వచ్చావు మామా?" అని అడిగితే, "వద్దన్నది నిన్న. ఈ రోజు గేటు కావాలి కదా" అన్నాడు, అదేదో నాకు అర్థంకాని చిన్న విషయమన్నట్టు.

ఆయన తెలుగు ఆయనకే ప్రత్యేకం. పుట్టింది నవువాలో, వరి పండించే ఇంట్లో. ఇంట్లో విన్న తెలుగులో క్రియలు చాలావరకు అరిగిపోయాయి. నేను వచ్చింది, నువ్వు వచ్చింది, వాళ్ళు వచ్చింది, అందరికీ ఒకే ముగింపు. కానీ చదవడం మాత్రం వచ్చు. అ, ఆ నుంచి గుడి కరపత్రాల దాకా వేలుపెట్టి తప్పుల్లేకుండా చదివేవాడు. నవువా బడిలో ఒక మాస్టారు చేయి పట్టుకుని దిద్దించారట. ఆ మాస్టారే రిటైరయ్యాక మా టౌనుకి వచ్చి స్థిరపడ్డారు. ఆదివారం పూట హాల్లో తెలుగు క్లాసులు పెట్టారు. ఇప్పుడు ఈ నాలుగు ముక్కలు నేను రాయగలుగుతున్నానంటే ఆయన చలవే. కాబట్టి మామకీ నాకూ గురువు ఒక్కరే, భయమూ ఒక్కటే. తెల్లచొక్కా, మోకాళ్ళదాకా మేజోళ్ళు, మెత్తటి గొంతు. ఆయన ఒక్కసారి కళ్ళజోడు తీసి మనవైపు చూస్తే చాలు, చెయ్యని తప్పులు కూడా గుర్తొచ్చేవి.

ఆ గురువుగారి మీదే మామ కోర్టుకెళ్ళాడు. ఆ కేసు వాదించింది నేను.

సంగతి ఇదీ. కౌన్సిల్లో మేయరు పార్టీ పెద్దది. మామది చిన్న పార్టీ, రైతులూ మెకానిక్కులూ. మాస్టారిది ఇంకో చిన్న పార్టీ, టీచర్లూ గుమాస్తాలూ. ఎన్నికలకి ముందు రెండూ చేతులు కలిపాయి. ఎవరికి ఎక్కువ సీట్లొస్తే వాళ్ళ మనిషే ప్రతిపక్ష నాయకుడు అని మాట అనుకున్నారు. ఫలితాలొచ్చేసరికి ఇద్దరికీ సరిసమానంగా వచ్చాయి. సమానమైతే ఏం చెయ్యాలో మాత్రం ఎవరూ అనుకోలేదు. పాత కౌన్సిల్లో నాయకుణ్ణి నేనే కదా అన్నాడు మామ. మా పార్టీ నన్ను ఎన్నుకుంది కదా అన్నారు మాస్టారు. మేయరు హార్డ్‌వేర్ కొట్టు యజమాని, నిండు మనిషి, నవ్వితే బొత్తాలు ఊడేలా నవ్వేవాడు. ఇద్దరి వాదనా విని, మామ కేకలు ఇంకో విడత పడే ఓపిక లేక, మెత్తగా మాట్లాడే మాస్టారినే నాయకుడిగా గుర్తిస్తున్నానని ప్రకటించాడు.

ప్రతిపక్ష నాయకుడంటే మా టౌనులో పెద్ద వైభోగమేమీ లేదు. మేయరు తర్వాత మొదట మాట్లాడే హక్కు, మార్కెట్ కమిటీలో ఒక కుర్చీ. ఆ కుర్చీ మీదే మామ ప్రాణమంతా ఉంది. ఎందుకంటే మార్కెట్ లోపల బల్లలు దొరకని ఆడవాళ్ళు ముందరి రోడ్డు పక్కన గోనెసంచులు పరుచుకుని బేలే ఆకుకూర, బెండకాయలు, మిరపకాయలు కుప్పలు పోసి అమ్ముకునేవారు. ఆ చోటు కార్ల పార్కింగుకి ఇచ్చేసి, వాళ్ళని బస్‌స్టాండు వెనక మురుగు కాలవ పక్కకి పంపించాలని మేయరు పథకం. అక్కడికి కొనేవాళ్ళు ఎవరు వస్తారు? కుక్కలు వస్తాయి. ఆ గోనెల వరసలో మొదటి గోనె మా అత్తది, అంటే మామ భార్యది.

"బేటీ, మాస్టారు మంచివాడు," అన్నాడు మామ నా ఆఫీసులో కూర్చుని, చేతిలో టోపీ నలిపేస్తూ. "ఎంత మంచివాడు! కానీ అరవడు. అరవకపోతే గోనెలు పోయింది అనుకో. నేను ఆ కుర్చీలో ఉండాలి."

"మాస్టారి మీద కేసంటే ఆలోచించుకో మామా."

"మాస్టారి మీద కాదు, మేయరు మీద. మాస్టారు పేరు పక్కన ఊరికే రాయి."

చట్టంలో ఊరికే రాయడం ఉండదని చెప్పాను. ప్రతివాదులిద్దరూ ప్రతివాదులే. ఆయన చెయ్యి లేచింది. ఒప్పుకోనన్నాడు. తర్వాత సంతకం పెట్టాడు.

మొదటి వాయిదా రోజు లౌటోకా కోర్టు మెట్ల మీద నిలబడి ఎదురుచూస్తున్నాను. ఒక టాక్సీ వచ్చి ఆగింది. ముందు మామ దిగి, గొడుగు విప్పి, వెనక తలుపు తీసి పట్టుకున్నాడు. మాస్టారు దిగారు. వాదీ ప్రతివాదీ ఒకే టాక్సీలో, ఒకే గొడుగు కింద! మామని పక్కకి లాగి చెడామడా తిట్టాను. అవతలి వకీలు చూస్తే ఏమనుకుంటాడు, ఇద్దరూ కూడబలుక్కున్నారనడూ? "మాస్టారుకి నడుం నొప్పి బేటీ. బస్సులో ఎట్లా వచ్చేది?" అన్నాడు. మధ్యాహ్నం చూస్తే ఇద్దరూ కోర్టు వెనక బెంచీ మీద అత్త కట్టిచ్చిన రోటీ, బంగాళాదుంప కూర పంచుకుని తింటున్నారు. మాస్టారు నన్ను చూసి "నీ పిటిషన్లో రెండో పేరా బలహీనంగా ఉందమ్మా" అన్నారు. అది ఆయనకి వ్యతిరేకంగా రాసిన పేరా.

అసలు గండం వేరేచోట ఉంది. కొత్త కౌన్సిల్ కూర్చున్న మొదటి రోజు, మా ఆచారం ప్రకారం, చాప మీద కూర్చుని యంగోనా వేరు పొడిని నీళ్ళలో కలిపారు. మేమందరం గ్రాగ్ అంటాం గానీ పెద్ద సభల్లో దాని మర్యాదే వేరు. కొబ్బరిచిప్ప ఎవరికి ముందు అందిందనేదే ఎవరు పెద్దో చెప్తుంది. ఇక్కడి ఆదివాసీలకి అది రక్తంలో ఉంది, వాళ్ళతో కూర్చుని కూర్చుని మాకూ పట్టుబడింది. మా కౌన్సిల్లో మొదటి చిప్ప మేయరుకి, రెండోది ప్రతిపక్ష నాయకుడికి. ఆ రోజు పంచే ఆయన పాత అలవాటు కొద్దీ రెండో చిప్ప తిన్నగా మామ దగ్గరికి తెచ్చాడు. మామ మర్యాద ప్రకారం చప్పట్లు కొట్టి అందుకోవలసింది. అందుకోకుండా పక్కనున్న మాస్టారివైపు రెండు చేతులూ చూపించాడు. ముందు ఆయనకి అని. మాస్టారు తాగారు. సభంతా చూసింది.

మేయరు తరఫున రాజధాని సువా నుంచి వచ్చిన వకీలు దాన్నే పట్టుకున్నాడు. తళతళలాడే బూట్లు, తీయటి గొంతు.

"ఆ రెండో చిప్ప ప్రతిపక్ష నాయకుడిదని మీకు తెలుసా?"

"తెలుసు," అన్నాడు మామ బోనులోంచి.

"దాన్ని మీ చేతులతో మీరే ఆయనకి ఇప్పించారా?"

"ఇప్పించాను."

"అంటే అందరి ఎదుటా ఆయన్ని మీ నాయకుడిగా ఒప్పుకున్నట్టేగా?"

నేను కళ్ళు మూసుకున్నాను. అంతా అయిపోయింది అనుకున్నాను. జీవితంలో దేనికీ ఒప్పుకోని మనిషి, ఒక్కసారి మర్యాదకి పోయి చెయ్యి చాపితే అదే ఆయన మెడకి చుట్టుకుంది.

మామకి కోపం వచ్చింది. "ఆయన నాకు అక్షరాలు దిద్దించిన మాస్టారు. మాస్టారు పక్కన గొంతు ఎండి కూర్చునుంటే ఆయనకంటే ముందు నేనెలా తాగుతాను? మీరైతే తాగుతారా?" అని వకీల్నే అడిగాడు. వకీలు తడబడి, తనని ప్రశ్నలు అడగకూడదన్నాడు. జడ్జిగారు ఆదివాసీ, భారీ మనిషి, అప్పటిదాకా పెన్ను కదపడమే తప్ప నోరు మెదపలేదు. ఆయన ముందుకి వంగి, "మీ మాస్టారు ఆ రోజు సభకి రాకపోయి ఉంటే ఆ చిప్ప ఎవరు తాగేవారు?" అన్నారు.

"నేనే, సార్. గుటుక్కున తాగేసేవాణ్ణి."

కోర్టంతా నవ్వింది. జడ్జిగారు నవ్వలేదు గానీ ఏదో రాసుకున్నారు.

తర్వాత మాస్టారు బోనెక్కారు. ఆయన్ని ప్రశ్నించాల్సింది నేను. ఇంగ్లీషులో మొదలుపెట్టి, మధ్యలో మాట తడబడి ఆగిపోయాను. ఆయన కళ్ళజోడు తీశారు. "ప్రశ్న సగంలో వదిలెయ్యకు. పూర్తిచెయ్యి," అన్నారు తెలుగులో. సాక్షి ఏమన్నారు అని జడ్జిగారు అడిగారు. నన్ను ప్రోత్సహిస్తున్నారని చెప్పాను.

"ఆ చిప్పని మీరు నాయకుడిగా అందుకున్నారా, మాస్టారిగా అందుకున్నారా?" అని మొత్తానికి అడిగేశాను.

నాయకుడిగానే అని ఒక్క మాట అంటే చాలు, కేసు ఆయనదే. సువా వకీలు ఆ మాట కోసం కాళ్ళ వేళ్ళ మీద నిలబడ్డాడు. మాస్టారు కళ్ళజోడు మళ్ళీ పెట్టుకున్నారు. "చిన్నప్పుడు వాడు నాకు పలక ఇచ్చేవాడు. దిద్ది తిరిగిచ్చేవాణ్ణి. ఆ రోజు చిప్ప ఇచ్చాడు. తాగి తిరిగిచ్చాను," అన్నారు. అంతే. దిగేటప్పుడు మామ పరిగెత్తుకెళ్ళి చెయ్యి అందించాడు.

ఇదంతా జరుగుతున్నన్నాళ్ళూ కౌన్సిల్లో నాయకుడి కుర్చీలో మాస్టారే కూర్చున్నారు. మామ వెనక వరసలో కూర్చుని కుతకుత ఉడికిపోయేవాడు. నేను ఆయన వెనకే ఉన్న సందర్శకుల బెంచీ మీంచి చూసేదాన్ని. మాస్టారు లేచి, పార్కింగ్ పథకం కాగితం మొదటి పేజీ మొదటి వాక్యం చదివేవారు. చదివి, "ఇక్కడ 'తగిన స్థలం' అన్నారు. దేనికి తగినది? ఎవరికి తగినది? ఎవరు కొలిచారు?" అని అడిగేవారు. క్లర్కు జవాబు వెతుక్కునేవాడు. జవాబు దొరికాక రెండో వాక్యం. గొంతు పెంచేవారు కాదు, తొందరపడేవారు కాదు. టీలు చల్లారిపోయేవి. మేయరు గడియారం చూసుకునేవాడు. చివరికి మిగతాది వచ్చే మీటింగులో అనేవాడు. వచ్చే మీటింగులో మాస్టారు, అందరూ మర్చిపోయి ఉంటారు కదా అని మళ్ళీ మొదటి వాక్యం నుంచి మొదలుపెట్టేవారు.

"ఇట్లా నసిగితే గోనెలు పోతది బేటీ," అని మామ నా చెవిలో పోరు. "బల్ల గుద్దాలి. అరవాలి."

తీర్పు వచ్చింది. నాయకుణ్ణి నిర్ణయించే హక్కు మేయరుకి లేదు, కోర్టుకీ లేదు, ప్రతిపక్ష సభ్యులే చేతులెత్తి ఎన్నుకోవాలి అన్నారు జడ్జిగారు. చిప్ప సంగతి కూడా తేల్చారు. గురువుకిచ్చిన మర్యాదని పదవి ఇచ్చినట్టు లెక్కగట్టడం ఈ దేశంలో పెరిగినవాడు చెయ్యాల్సిన పని కాదు అన్నారు, సువా వకీలు వైపు చూడకుండానే. మేయరు ప్రకటన కొట్టేశారు. నేను ఎగిరి గంతేశాను. మామ టాక్సీ కోసం పరిగెత్తాడు. మాస్టారికి ఎండ తగులుతోందట.

ఎన్నిక రోజు సభ నిండిపోయింది. కిటికీల దగ్గర కూడా జనమే. బయట చక్కెర మిల్లు మసి నల్లగా రాలుతోంది. మార్కెట్ ఆడవాళ్ళు సగంమంది గోనెలు పక్కవాళ్ళకి అప్పగించి వచ్చారు. అత్త రాలేదు. బెండకాయలు వాడిపోతాయట.

క్లర్కు ముందు మాస్టారి పేరు చదివాడు. ఆయన పార్టీవాళ్ళ చేతులు లేచాయి. మాస్టారు మాత్రం తన చెయ్యి ఎత్తుకోలేదు. తనకి తను ఓటేసుకోవడం ఆయన దృష్టిలో అసభ్యం. ఆయన ఊరికే అలా తల తిప్పి, కళ్ళజోడు తుడుచుకుంటూ, మామ వైపు చూశారు. మామ కుడిచెయ్యి లేచింది. నేను చూస్తూనే ఉన్నాను. కాలిన బొటనవేలితో సహా నిటారుగా లేచింది. కోర్టుకెక్కి, అన్నాళ్ళు పోరాడి, తీరా ఆ క్షణం వచ్చాక మా వాది తన ప్రతివాదికి ఓటేశాడు.

నేను తల పట్టుకున్నాను. క్లర్కు నమ్మలేక రెండుసార్లు లెక్కపెట్టాడు. తర్వాత మామ పేరు చదివాడు. మామ పార్టీవాళ్ళు చేతులెత్తారు. వాళ్ళతోపాటు మాస్టారు కూడా, నిదానంగా, చొక్కా చెయ్యి సవరించుకుని, ఎత్తారు. మళ్ళీ సమానం.

సభలో నవ్వు మొదలై కిటికీల బయటికి పాకింది. మేయరు కళ్ళు తుడుచుకున్నాడు. ఓట్లు సమానమైతే అధ్యక్షస్థానంలో ఉన్నవాడి ఓటుతో తేలాలని నిబంధన ఉందని క్లర్కు చదివాడు. అధ్యక్షస్థానంలో ఉన్నది మేయరే. అంతా తిరిగి తిరిగి ఆయన చేతిలోనే పడింది. మెత్తటి మాస్టారిని మళ్ళీ కూర్చోబెడతాడు, గోనెలు కాలవ పక్కకి పోతాయి అనుకున్నాను.

మేయరు లేచాడు. "నా ఓటు ఈ భైయ్యాకి," అని మామ వైపు చూపించాడు.

సభ నోరు తెరిచింది.

"దాపరికం ఎందుకు?" అన్నాడు మేయరు దండం పెడుతూ. "మాస్టారితో నావల్ల కాదు. ఆయన వచ్చినప్పటినుంచీ నా పార్కింగ్ పథకం మొదటి పేజీ దాటలేదు. మా ఇంట్లో అన్నం చల్లారని రోజు లేదు. ఈ భైయ్యా అయితే లేస్తాడు, అరుస్తాడు, గొంతు ఎండిపోతుంది, టీ తాగుతాడు, కూర్చుంటాడు. పని సాగిపోతుంది. నాకు ఈయనే కావాలి."

జనం చప్పట్లు కొట్టారు. మామ పార్టీవాళ్ళు ఆయన భుజాలు కుదిపేశారు. నేను కూడా లేచి నిలబడి చప్పట్లు కొడుతున్నాను, గెలిచాం కదా అని. మామ ఒక్కడే కదల్లేదు. మేయరు మొహంలోకి చూస్తూ ఉండిపోయాడు. ఆయన మొహంలో నేను అంతకుముందెప్పుడూ చూడనిది కనిపించింది. ఏదో లెక్క అప్పుడే అర్థమైన పిల్లాడి మొహం అది.

చెయ్యి లేచింది. ఈసారి చాలా నెమ్మదిగా.

"హమ్ నై మానేగా."

"దేనికి?" అన్నాడు మేయరు. "నిన్నే గెలిపించాను కదా!"

"అందుకే," అన్నాడు మామ. ఆయన ఫిజీ హిందీలో అన్న మాటల్ని తెలుగులో చెప్తున్నాను. "భైయ్యా, నీకు నేను నచ్చానంటే నేను ఆ కుర్చీకి పనికిరానన్నమాట. నువ్వు ఎవరిని చూసి దండం పెడుతున్నావో వాళ్ళే అక్కడ కూర్చోవాలి."

మామ వెళ్ళి నాయకుడి కుర్చీ వెనక్కి లాగి పట్టుకున్నాడు. మాస్టారు కళ్ళజోడు మళ్ళీ తుడుచుకున్నారు. ఈసారి మసి పట్టినందుకు కాదు. కూర్చున్నాక ఆయన చేసిన మొదటి పని, పార్కింగ్ పథకం తెప్పించి మొదటి వాక్యం చదవడం. మేయరు అక్కడే బల్ల మీద తల వాల్చేశాడు.

బయటికొచ్చాక మామని నాలుగు దులిపేద్దామనుకున్నాను. అన్నాళ్ళు వాదించిందాన్ని, నాకూ ఉడుకుమోత్తనం ఉంటుంది కదా. కానీ ఆయన నడక చూస్తే నోరు రాలేదు. జీవితమంతా తను గొప్పగా చేస్తున్నాననుకున్న పని ఇంకొకరు తనకంటే బాగా చేస్తున్నారని నలుగురిలో ఒప్పుకుని వస్తున్నాడు. దేనికీ ఒప్పుకోని మనిషికి అది ఎంత కష్టమో నాకు తెలుసు. నాకు ఆయన మీద గౌరవం కట్టలు తెంచుకుంది. ఆయనకి మాత్రం ఒకటే దిగులు, అత్తకి ఎలా చెప్పాలా అని. "నువ్వు కూడా రా బేటీ. వకీలు పక్కన ఉంటే తిట్టదు," అన్నాడు.

అత్త తన గోనె దగ్గర బెండకాయల మీద నీళ్ళు చల్లుతోంది. తల ఎత్తలేదు.

"ఏమైంది?"

"మేయరు నాకు ఓటు వేసింది," అన్నాడు మామ.

"మేయరా! నీకా? సిగ్గు లేదూ? నువ్వు తీసుకుందా?"

"లేదు. మాస్టారుకి ఇచ్చేసింది."

అత్త చెంబు కింద పెట్టింది. ఆయన మొహంలోకి ఒకసారి చూసింది. తర్వాత లేచి, తను కూర్చున్న గోనె రెండో సగం కూడా విప్పి, రోడ్డు అంచుదాకా పరిచి, మిరపకాయల బుట్ట తెచ్చి దాని మీద కొత్త కుప్ప పోసింది.

"ఇన్నాళ్ళూ ఇంత పరిచింది లేదే?" అన్నాడు మామ.

"నువ్వు లీడరుగా ఉన్నప్పుడు," అంది అత్త కుప్ప సర్దుతూ, "గోనె సగం మడిచే కూర్చునేది నేను. ఎప్పుడు పరిగెత్తాలో ఏమో అని."

మామ చెయ్యి లేవబోయింది. సగం దాకా వెళ్ళి ఆగింది. తర్వాత పెద్దగా, రోడ్డు అవతలి జనం కూడా తిరిగి చూసేలా నవ్వి, ఆ గోనె చివర ఆవిడ పక్కన చతికిలబడ్డాడు.